రాజీ అయ్యాక వచ్చిన జప్తు నోటీసు

(జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి జిల్లాల మస్జిద్ కమిటీ బాధ్యులు, సామాజిక కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



మన సమావేశాలలో వక్ఫ్ ఆస్తుల గురించి, రిజర్వేషన్ల గురించి, విద్యార్థుల ఉపకార వేతనాల గురించి మాట్లాడేవారు ఎందరో ఉన్నారు. మాకు అప్పగించిన విషయం వాటి పక్కన చిన్నదిగా కనబడవచ్చు. రోడ్డు ప్రమాదం జరిగింది, ట్రైబ్యునల్ నష్టపరిహారం విధించింది, ఉభయులూ పెద్దల సమక్షంలో రాజీపడ్డారు, డబ్బు చేతులు మారింది. కొన్నేళ్ళ తరువాత తహసీల్దారు కార్యాలయం నుండి జప్తు నోటీసు వచ్చింది. ఇచ్చిన డబ్బు ఏమైంది? ప్రభుత్వం మళ్ళీ ఎందుకు వసూలు చేస్తోంది? దీనిని ఎక్కడ, ఎలా ఎదిరించాలి? మాట్లాడవలసింది ఇంతే. అయితే గత రెండు మూడేళ్ళలో ఈ నోటీసులు పట్టుకొని మా గుమ్మం తొక్కినవారిని చూస్తే, ఒక కుటుంబం ఇల్లు పోగొట్టుకోవడానికి ఇంతకన్నా పెద్ద విషయం అవసరం లేదనిపిస్తుంది.

మన వాళ్ళ బతుకుతెరువు చూడండి. ఆటో నడిపేవారు, లారీ డ్రైవర్లు, క్లీనర్లు, మెకానిక్కులు, వెల్డింగు పనివారు, ట్రాలీలో పండ్లు, సామాన్లు వేసుకొని సంతలకు తిరిగేవారు. జనగామ మీదుగా హైదరాబాద్–వరంగల్ రహదారి పోతోంది. మహబూబాబాద్ వైపు మిర్చి కోతల కాలంలో కూలీలతో కిక్కిరిసిన ఆటోలు, గ్రానైట్ దిమ్మెలు మోసే లారీలు ఒకే రోడ్డు మీద పోతుంటాయి. భూపాలపల్లి వైపు బొగ్గు లారీలు, గోదావరి ఇసుక లారీలు. ప్రమాదంలో చనిపోయేవాడూ మన ఇంటివాడే కావచ్చు, బండి యజమానీ మన ఇంటివాడే కావచ్చు. కాబట్టి ఈ విషయంలో మనం ఒక పక్షం వహించి మాట్లాడడానికి వీలులేదు. ఈ మాట ముందే చెప్పడానికి కారణం ఉంది.

మేము ముప్పై ఏళ్ళకు పైగా ప్రభుత్వ గుమాస్తాగా పనిచేశాము. అందులో సింహభాగం రెవెన్యూ శాఖలోనే గడిచింది. ఇటువంటి నోటీసులు మేమే టైపు చేశాము. బాకీదారు పేరు, తండ్రి పేరు, గ్రామం, మొత్తం. ఈ నాలుగు ఖాళీలు నింపితే నోటీసు తయారు. గిర్దావరు తీసుకొనిపోయి ఇచ్చి వచ్చేవాడు, ఇంట్లో ఎవరూ లేకపోతే తలుపుకు అంటించి, ఇద్దరు సాక్షుల సంతకాలతో పంచనామా రాసుకొచ్చేవాడు. ఖాళీలు నింపే గుమాస్తాకు ఆ ఇంట్లో ఏమి జరిగిందో తెలియదు. తెలుసుకోవాలని ఎవరూ అడగలేదు కూడా. పదవీ విరమణ చేశాక, బల్లకు అవతలి వైపు నిలబడ్డప్పుడు మాత్రమే ఆ కాగితం బరువు ఎంతో తెలిసింది.

ఆ కాగితం వెనుక ఉన్న అధికారం ఎక్కడిది? 1988 మోటారు వాహనాల చట్టం 174వ సెక్షన్. అవార్డు ప్రకారం ఎవరి నుండైనా సొమ్ము రావలసి ఉంటే, ఆ సొమ్ముకు హక్కుదారు దరఖాస్తు చేసుకున్నప్పుడు, ట్రైబ్యునల్ ఆ మొత్తానికి ఒక సర్టిఫికెట్ జారీ చేసి కలెక్టరుకు పంపవచ్చు. కలెక్టరు దానిని భూమిశిస్తు బకాయి వసూలు చేసినట్లే వసూలు చేయాలి. శిస్తు బకాయి వసూలు పద్ధతి 1864 నాటి రెవెన్యూ రికవరీ చట్టంలో ఉంది. రైతు నుండి శిస్తు రాబట్టడానికి కంపెనీ పాలన ముగిసిన కొత్తలో తెల్లదొరలు చేసుకున్న చట్టం. ఆ చట్టం కింద చరాస్తిని, స్థిరాస్తిని జప్తు చేయవచ్చు, వేలం వేయవచ్చు. బుద్ధిపూర్వకంగా ఎగవేస్తున్నాడని, లేదా మోసం చేశాడని నమ్మడానికి కారణం ఉంటే మనిషిని నిర్బంధించవచ్చు కూడా. ఈనాటి ఆటో డ్రైవరు ఇంటి గుమ్మం ముందుకు వచ్చేది ఆ పాత చట్టమే.

ఇందులో గమనించవలసిన మాట ఒకటుంది: ‘హక్కుదారు దరఖాస్తు చేసుకున్నప్పుడు’. ప్రభుత్వం తనంతట తాను ఈ వసూలుకు దిగదు. ఎవరో అడిగారు గనుకనే దిగుతుంది. నోటీసు రాగానే తహసీల్దారు మీద విరుచుకుపడేవారు ఈ సంగతి మరచిపోతారు. అడిగినది ఎవరు, ఎందుకు అడిగారు అన్నదే మొదటి ప్రశ్న.

ఇప్పుడు ఒక కేసు చెబుతాము. మహబూబాబాద్ జిల్లాలోని ఒక మండల కేంద్రం. పేర్లు చెప్పము. సభలో వారి బంధువులు ఉండవచ్చు.

ఒక ఆటో యజమాని. బీమా గడువు తీరి పదకొండు రోజులయింది. రేపు కడదాం, ఎల్లుండి కడదాం అనుకుంటూ ఉండగానే ఆటో బోల్తాపడి, అందులో ప్రయాణిస్తున్న వెల్డింగు కార్మికుడు మరణించాడు. అతనూ మన బస్తీవాడే. భార్య, ఇద్దరు చిన్న పిల్లలు, ముసలి తల్లిదండ్రులు. 2014లో వరంగల్ ట్రైబ్యునల్‌లో కేసు వేశారు. 2018లో అవార్డు వచ్చింది: 6,40,000 రూపాయలు, కేసు వేసిన నాటి నుండి ఏటా ఏడున్నర శాతం వడ్డీ. అందులో భార్యకు 2,40,000, పిల్లలిద్దరికీ తలా 1,50,000, తల్లిదండ్రులకు తలా 50,000. బీమా లేదు గనుక భారమంతా యజమాని మీదనే పడింది.

2019లో ఆ యజమాని మస్జిద్ కమిటీ వద్దకు వచ్చాడు. అంత ఇచ్చుకోలేను, నాలుగున్నర లక్షలకు ఒప్పించండి అన్నాడు. ఆ కమిటీలో మేమూ ఉన్నాము. మృతుని తండ్రిని పిలిపించాము. మగ్రిబ్ నమాజు తరువాత వరండాలో చాప మీద కూర్చొని మాట్లాడుకున్నాము. ఆయన ఒప్పుకున్నాడు. వంద రూపాయల స్టాంపు కాగితం మీద ‘ఇకమీదట ఏ విధమైన లావాదేవీలు లేవు’ అని రాసింది ఎవరనుకున్నారు? మేమే. ముప్పై ఏళ్ళు కాగితాలు రాసిన చెయ్యి కదా. అక్షరం తప్పు లేకుండా, సాక్షుల సంతకాలతో, కమిటీ ముద్రతో రాశాము. 4,50,000 లెక్కపెట్టి ఆ ముసలాయన చేతిలో పెట్టించాము. దుఆ చేసి లేచాము. కోర్టుకు పోయి సంవత్సరాలు తిరిగే బదులు ఒక సాయంత్రంలో తెగిపోయిందని సంతోషించాము కూడా.

2023లో యజమానికి నోటీసు వచ్చింది. అసలు 6,40,000. వడ్డీ ఏటా 48,000 చొప్పున తొమ్మిదేళ్ళకు 4,32,000. మొత్తం 10,72,000. చెల్లించకపోతే ఇల్లు జప్తు. అతను మా స్టాంపు కాగితం పట్టుకొని తహసీల్ కార్యాలయానికి పరుగెత్తాడు. అక్కడ చెప్పిన సమాధానం ఇది: ‘మాకు ట్రైబ్యునల్ సర్టిఫికెట్ వచ్చింది. మీ రాజీ కాగితంతో మాకు పనిలేదు.’ అతనికి అది అన్యాయంగా తోచింది. మాకూ మొదట అలాగే తోచింది. తరువాత చట్టం చదువుకుంటే ఆ సమాధానం తప్పు కాదని తెలిసింది. కలెక్టరుగాని, తహసీల్దారుగాని ఈ వ్యవహారంలో వసూలు చేసే చెయ్యి మాత్రమే. సర్టిఫికెట్ సరియైనదా కాదా, డబ్బు ముట్టిందా లేదా అని విచారించి తీర్పు చెప్పే అధికారం వారికి లేదు. అది సర్టిఫికెట్ ఇచ్చిన ట్రైబ్యునల్ పని.

మరి ట్రైబ్యునల్‌కు ఆ రాజీ సంగతి తెలుసా? తెలియదు. ఎవరూ చెప్పలేదు. మేమూ చెప్పలేదు.

సివిల్ ప్రొసీజరు కోడ్‌లో 21వ ఆర్డరు, 2వ నియమం అని ఒకటుంది. డిక్రీ సొమ్మును కోర్టు బయట చెల్లించినా, రాజీపడినా, ఆ సంగతి కోర్టుకు తెలిపి నమోదు చేయించాలి. అలా నమోదు కాని చెల్లింపును డిక్రీ అమలు చేసే కోర్టు గుర్తించదు. ‘గుర్తించరాదు’ అనే చట్టం చెబుతోంది. సుల్తానా బేగం కేసులో సుప్రీంకోర్టు ఈ మాటనే స్థిరపరిచింది. నిజంగా డబ్బు ఇచ్చినా సరే, నమోదు లేకపోతే అమలు కోర్టు కంటికి అది లేనట్లే. మోటారు ప్రమాదాల అవార్డును కూడా డబ్బు డిక్రీ లాగానే అమలుచేసే అధికారాలు ట్రైబ్యునల్‌కు ఉన్నాయని 2019 సవరణ చట్టం 169వ సెక్షన్‌లో స్పష్టంగా చేర్చింది. కనుక మన వరండా రాజీలకూ ఇదే నియమం.

చెల్లించినవాడు తానుగా నమోదు కోరాలంటే గడువు ఎంతో తెలుసా? లిమిటేషన్ చట్టం 125వ ఆర్టికల్ ప్రకారం చెల్లించిన రోజు నుండి ముప్పై రోజులు. ఆరు నెలలు కాదు, మూడేళ్ళు కాదు. అవార్డును అమలు చేయించుకోవడానికి అవతలివారికి పన్నెండేళ్ళు. ఈ రెండు గడువుల మధ్య ఉన్న తేడాలోనే మన వాళ్ళ ఇళ్ళు జప్తుకు పోతున్నాయి. మా కేసులో ముప్పై రోజులు ఎప్పుడో దాటిపోయి నాలుగేళ్ళయింది.

అయితే అదే నియమంలో ఒక దారి ఉంది. మహబూబాబాద్‌లోని ఒక యువ న్యాయవాది మాకు దానిని చూపించారు. ఆ ముప్పై రోజుల గడువు చెల్లించినవాడికే. డబ్బు అందుకున్నవారు తామే వచ్చి ‘మాకు ఇంత ముట్టింది’ అని కోర్టుకు తెలపడానికి ఆ గడువు వర్తించదు. అంటే ఇక చేయవలసినది ఒక్కటే: ఆ విధవరాలి వద్దకు వెళ్ళాలి.

వెళ్ళాము. అక్కడ మేము విన్నది ఇంతవరకు ఏ సభలోనూ చెప్పలేదు. సర్టిఫికెట్ కోసం దరఖాస్తు చేసినది ఆమే. మేము ఇంట్లో అడుగుపెట్టగానే ఆమె అన్నది: ‘చాచా, ఆ రోజు మస్జిద్‌లో నా భర్త ప్రాణానికి వెల కట్టారు. నన్ను ఎవరైనా అడిగారా?’ మామగారు తెచ్చి ఆమె చేతికి ఇచ్చినది లక్ష రూపాయలు. మిగతా మూడున్నర లక్షలలో ఆడబిడ్డ పెళ్ళి జరిగింది, ఇంటి అప్పు తీరింది. ఆమె వేరు కాపురం పెట్టి బీడీలు చుట్టి, కుట్టుపని చేసి పిల్లలను చదివించుకుంటోంది. పెద్దవాడిని హాస్టల్‌లో చేర్పించడానికి పట్నం పోయినప్పుడు ఎవరో ‘కోర్టు నీ పిల్లలకు రాసిన డబ్బు ఏమైంది’ అని అడిగారు. అప్పుడు ఆమె కదిలింది.

2019 నాటికి ఆమె ఇద్దత్ ముగిసి ఏళ్ళు గడిచాయి. ఆమెను పిలవకపోవడానికి మాకు ఏ సాకూ లేదు. ఆమె ఇల్లు మస్జిద్‌కు రెండు సందుల అవతల. అవార్డు ప్రతి మా ముందే ఉంది. అందులో ఎవరి వాటా ఎంతో రాసి ఉంది. మేము మొదటి పుట, చివరి పుట చూసి మొత్తం ఎంతో తెలుసుకున్నాము గాని వాటాల పేరా చదవలేదు. చదవడం వచ్చినవారమై ఉండీ చదవలేదు.

పిల్లల వాటా సంగతి ఇంకా గట్టిది. అదే సివిల్ ప్రొసీజరు కోడ్‌లో 32వ ఆర్డరు 6, 7 నియమాలు ఉన్నాయి. మైనర్ల తరఫున డిక్రీ సొమ్ము తీసుకోవాలన్నా, రాజీపడాలన్నా కోర్టు అనుమతి ఉండాలి. లేకపోతే ఆ రాజీ మైనర్లను కట్టిపడేయదు. ఇక్కడ మన పెద్దలు ఒక వాదన చేస్తారు. ముస్లిం పర్సనల్ లా ప్రకారం తండ్రి లేనప్పుడు ఆస్తి విషయంలో తాత సంరక్షకుడు కదా, ఆయన సంతకం చాలదా అని. తాతకు ఆ స్థానం ఉన్నమాట నిజమే. కాని కోర్టులో నడుస్తున్న వ్యవహారంలో పిల్లల తరఫున నిలబడి కేసు వేసినది తల్లి. నిలబడినది ఎవరైనా సరే, కోర్టు అనుమతి లేకుండా ఆ సొమ్ము ముట్టుకోరాదు. సుసమ్మ థామస్ కేసులో సుప్రీంకోర్టు ఎందుకు చెప్పింది, మైనర్ల వాటాను వారు పెద్దవారయ్యేవరకు బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్‌గా ఉంచాలని? పరిహారం చేతికి వచ్చిన రోజున ఇంట్లో ఎన్ని చేతులు చాస్తారో న్యాయమూర్తులకు తెలుసు గనుక. యతీముల సొమ్ము గురించి మన ధర్మం ఎంత గట్టిగా హెచ్చరించిందో ఈ సభకు మేము చెప్పనవసరం లేదు. ఆ రోజు మస్జిద్ వరండాలో కూర్చొని మేము చేసినది ఆ హెచ్చరికకు ఎదురుగా ఉన్న పని.

అందుచేత, ‘రాజీ అయింది కనుక ప్రభుత్వ వసూలు అక్రమం’ అని జెండా పట్టుకొని బయలుదేరడానికి ముందు ఆగి చూసుకోవాలి. ఈ కేసులో యజమానికి అన్యాయం జరిగింది, నిజమే: ఇచ్చిన నాలుగున్నర లక్షలు లెక్కలోకి రాలేదు. ఆ తల్లికీ పిల్లలకూ అన్యాయం జరిగింది. ఆ రెండింటికీ మూలం ఒకే కాగితం.

తరువాత ఏమి జరిగిందో క్లుప్తంగా చెబుతాము. 2022 జూన్‌లో కొత్త జిల్లా కోర్టులు ఏర్పడ్డాక ఫైలు వరంగల్ నుండి మహబూబాబాద్‌కు వచ్చింది. యజమాని తరఫున ట్రైబ్యునల్‌లో దరఖాస్తు వేయించి, వేలం ఆపవలసిందిగా కోరాము. ఆమె వచ్చి తనకు ముట్టిన లక్షను ఒప్పుకుంది. మామగారిని ఒప్పించడానికి నాలుగు శుక్రవారాలు పట్టింది. చివరకు ఆయన కూడా కోర్టుకు వచ్చి తాను తీసుకున్నది ఒప్పుకున్నాడు. తన వాటా, భార్య వాటా పోను కొంత తెచ్చి జమచేశాడు. తరువాత వ్యవహారం లోక్ అదాలత్‌కు వెళ్ళింది. ఆమె తన సొంత వాటా మీద వడ్డీలో కొంత వదులుకుంది. అది ఆమె ఇష్టం, పెద్దమనిషి ఎవరూ చెప్పలేదు. పిల్లల వాటా అసలు, వడ్డీ పూర్తిగా బ్యాంకులో వేయాలని నిర్ణయమైంది. మిగిలినది యజమాని వాయిదాలలో కట్టుకోవాలి. ట్రైబ్యునల్ కలెక్టరుకు రాసింది, వేలం ఆగింది. యజమాని ఇంకా కడుతూనే ఉన్నాడు. మమ్మల్ని చూసినప్పుడు సలాం చెబుతాడు గాని ముందు వలె ఆగి మాట్లాడడు.

ఇక భూపాలపల్లి. అక్కడి నోటీసులు చాలావరకు వేరే రకం. ఈ తేడా తెలియక మన కార్యకర్తలు ఇబ్బంది పడుతున్నారు. లారీకి బీమా ఉంటుంది, కాని డ్రైవరుకు తగిన లైసెన్సు లేదనో, పర్మిటు షరతు ఉల్లంఘన జరిగిందనో బీమా కంపెనీ అభ్యంతరం చెబుతుంది. అప్పుడు ట్రైబ్యునల్ ‘ముందు కంపెనీ చెల్లించాలి, తరువాత యజమాని నుండి రాబట్టుకోవాలి’ అంటుంది. 2004లో స్వరణ్ సింగ్ కేసు తీర్పు తరువాత ఇది స్థిరపడిన పద్ధతి. మృతుని కుటుంబానికి ఇది మేలైనది. కాని యజమాని ప్రమాదం జరిగిన వారంలోనే పోలీస్ స్టేషన్ వద్ద మృతుని కుటుంబానికి లక్షో రెండు లక్షలో ఇచ్చి, ‘సెటిల్ అయిపోయింది’ అనుకొని కోర్టు సమన్లు వచ్చినా పోడు. కేసు ఏకపక్షంగా సాగుతుంది. అతను ఇచ్చిన సొమ్ము ట్రైబ్యునల్ ముందుకు రానే రాదు. కంపెనీ మొత్తం చెల్లించి, యజమాని మీదకు వసూలుకు వస్తుంది. అటువంటి నోటీసు పట్టుకొని మృతుని భార్య చేత ‘నాకు ముట్టింది’ అని రాయించి ప్రయోజనం లేదు. బాకీ ఇప్పుడు ఆమెకు కాదు, కంపెనీకి. అందుకే నోటీసు చేతికి రాగానే మొదట చూడవలసినది మొత్తం ఎంత అని కాదు. ఎవరికి రావలసిన సొమ్మో చూడాలి.

అక్కడ పోట్లాడవలసిన విషయం వేరే ఉంది: కంపెనీ అభ్యంతరం అసలు నిలుస్తుందా అని. 2024 నవంబరులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం రంభాదేవి కేసులో ఒక మంచి తీర్పు ఇచ్చింది. లైట్ మోటారు వెహికల్ లైసెన్సు ఉన్నవాడు, మొత్తం బరువు 7,500 కిలోలలోపు రవాణా వాహనాన్ని నడపవచ్చు, దానికి వేరే అనుమతి అక్కరలేదని. ఆటోలు, చిన్న ట్రాలీలు నడిపే మన వాళ్ళకు ఇది పెద్ద అండ. పది టైర్ల ఇసుక లారీ నడిపేవాడికి మాత్రం ఇది ఉపయోగపడదు, ఆ భ్రమ కల్పించకండి.

అదే ప్రాంతంలో మరొక జాడ్యం ఉంది. బండి అమ్ముతారు, డబ్బు తీసుకుంటారు, రవాణా కార్యాలయంలో పేరు మార్చరు. ఫారాల మీద సంతకాలు పెట్టి ఇచ్చేశాం గదా అంటారు. రెండేళ్ళకు ఎక్కడో ప్రమాదం జరుగుతుంది. రికార్డులో ఎవరి పేరు ఉంటే అతనే యజమాని అని 2018లో నవీన్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు తేల్చిచెప్పింది. అమ్మినవాడికి జప్తు నోటీసు వస్తుంది. మనం ఎంత బాధపడినా అక్కడ చేయగలిగింది చాలా తక్కువ.

జనగామ వైపు నుండి వచ్చిన ఒక కుటుంబం సంగతి చెప్పి ముందుకు పోతాము. వ్యాను యజమాని మరణించాడు. అవార్డు బాకీ కొడుకుల మీదకు వచ్చింది. నోటీసులో జప్తు చేయదలచినట్లు రాసిన ఇల్లు, కొడుకు తన సంపాదనతో కొనుక్కున్నది. వారసుడు తండ్రి నుండి తనకు సంక్రమించిన ఆస్తి మేరకే బాధ్యుడు, తన స్వార్జితానికి కాదు. ఇటువంటి చోట తహసీల్దారుకు పత్రాలతో ఆక్షేపణ ఇవ్వాలి, ఇన్‌వార్డు ముద్ర వేయించుకోవాలి. ఖాతరు చేయకుండా వేలానికి దిగితే రాజ్యాంగం 226వ ఆర్టికల్ కింద హైకోర్టుకు పోవడానికి బలమైన కారణం ఉంటుంది. అసలు సర్టిఫికెట్టే లేకుండా నోటీసు ఇచ్చినా, డిమాండు నోటీసు అందజేయకుండా జప్తుకు దిగినా, ట్రైబ్యునల్‌లో చెల్లింపు నమోదైన తరువాత కూడా వసూలు సాగించినా రిట్ దారి తెరిచి ఉంటుంది. కాని ‘నేను డబ్బు ఇచ్చాను, వారు లేదంటున్నారు’ అనే తగాదాను రిట్‌లో హైకోర్టు సాధారణంగా విచారించదు. సాక్ష్యం తీసుకునే చోటికి పొమ్మంటుంది. ఈ తేడా తెలియక హైదరాబాద్ ఖర్చులకు అప్పుచేసినవారిని చూశాము.

మరొక మాట, కొందరికి నచ్చకపోవచ్చు. నోటీసు వాసన తగలగానే ఇల్లు భార్య పేర మార్చి, ఇది మహర్ కింద ఇచ్చినది అంటారు. పెళ్ళినాడో, ప్రమాదానికి ఎంతో ముందో సక్రమంగా ఇచ్చి ఉంటే అది ఆమె ఆస్తి, దానిని కాపాడుకోవచ్చు. అవార్డు వచ్చాక రాసిన మహర్‌ను ఏ కోర్టూ నమ్మదు, బాకీ ఎగవేతకు చేసిన బదిలీగా కొట్టివేస్తుంది. పైగా అది ‘బుద్ధిపూర్వకంగా ఎగవేస్తున్నాడు’ అనడానికి సాక్ష్యమవుతుంది. నిజంగా కట్టలేనివాడిని, కేవలం పేదరికం కారణంగా జైలుకు పంపరాదని 1980లో జాలీ జార్జ్ వర్గీస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ రక్షణ నిజాయితీపరుడికే.

కొందరు పెద్దలు ఈ రాజీలను దియత్‌తో పోల్చి, ‘కుటుంబం క్షమించాక ఇంకేముంది’ అంటున్నారు. క్షమించడం మంచిదే. అయితే ఈ దేశపు చట్టంలో నిర్లక్ష్యపు మరణం కేసు రాజీతో ముగియదు. ఇప్పుడు భారతీయ న్యాయ సంహిత 106వ సెక్షన్ కింద పోలీసు కేసు దారి దానిది. పరిహారం దారి వేరు. ఒక కాగితంతో రెండూ తెగిపోతాయని ఎవరికీ హామీ ఇవ్వకండి.

రాజీలు చేయవద్దని మేము అనడం లేదు. ట్రైబ్యునల్‌లో ఏళ్ళు గడిచిపోయే పేదవాడికి రాజీ అవసరమే. కాని వరండాలో మాట కుదిరాక, ఆ మాటను లోక్ అదాలత్‌కు తీసుకొనిపోవాలి. అక్కడి అవార్డుకు 1987 లీగల్ సర్వీసెస్ చట్టం ప్రకారం డిక్రీ విలువ ఉంటుంది, దానిపై అప్పీలు ఉండదు. స్త్రీలకు, పిల్లలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా న్యాయవాదిని ఇస్తారు. డబ్బు చేతికి ఇవ్వకూడదు, ట్రైబ్యునల్‌లో జమచేయాలి లేదా హక్కుదారు ఖాతాలోకి బ్యాంకు ద్వారా పంపాలి. అవార్డులో పేరున్న ప్రతి ఒక్కరినీ పిలవాలి, ముఖ్యంగా ఆడవారిని. పిల్లలు ఉంటే కోర్టు అనుమతి లేనిదే అడుగు ముందుకు వేయరాదు. చెల్లించిన రోజు నుండి ముప్పై రోజులు దాటకముందే మెమో దాఖలు చేసి, నమోదైన ఉత్తర్వు ప్రతిని తీసుకొని, ఒక ప్రతి తహసీల్ కార్యాలయంలో ఇచ్చి ఇన్‌వార్డు వేయించుకోవాలి. గుమాస్తాగా పనిచేసినవాళ్ళం గనుక చెబుతున్నాము: ఇన్‌వార్డు నంబరు లేని కాగితం ఆ కార్యాలయంలో పుట్టనట్లే.

మా మస్జిద్ కమిటీ రిజిస్టరులో గత పదేళ్ళలో జరిగిన ప్రమాద రాజీలు ఎన్ని ఉన్నాయో తీసి చూస్తున్నాము. వాటిలో అవార్డు వచ్చిన తరువాత జరిగినవి ఏవి, పిల్లలు ఉన్నవి ఏవి, నమోదైనవి ఏవి అని వేరుచేస్తున్నాము. మీ మీ ఊళ్ళలో కూడా ఈ పని చేయవలసిందిగా కోరుతున్నాము. డబ్బు అందుకున్నవారు ఇంకా బతికి ఉన్నారు, అడిగితే వచ్చి ఒప్పుకుంటారు. పదేళ్ళు గడిస్తే సాక్షులూ ఉండరు, ఒప్పుకునేవారూ ఉండరు.

ఈ రోజు నోటీసులు వెంట తెచ్చుకున్నవారు అసర్ నమాజు తరువాత వెనుక గదిలోకి రండి. నోటీసు, అవార్డు ప్రతి, రాజీ కాగితం, బ్యాంకు రసీదులు ఉంటే అవి కూడా. ఇద్దరు న్యాయవాదులు కూర్చుంటారు. మేము పక్కన కూర్చొని వాటాల పేరా చదివి వినిపిస్తాము.